దరఖాస్తులో ఒకటే గడి



మనసు జబ్బు అనగానే మనలో చాలామందికి రెండు పేర్లు గుర్తొస్తాయి. హైదరాబాదు వైపు వాళ్ళకు ఎర్రగడ్డ, విశాఖ వైపు వాళ్ళకు చినవాల్తేరు. "నిన్ను ఎర్రగడ్డలో వెయ్యాలి" అనడం మన దగ్గర తిట్టూ అవుతుంది, వేళాకోళమూ అవుతుంది. ఒక ఆసుపత్రి పేరు తిట్టుగా మారాక, ఆ గేటు దాటి లోపలికి పోవడానికి మనిషికి ఎంత తెగువ కావాలో నేను చెప్పనక్కర్లేదు. కానీ ఆ గేటు అందరికీ ఒకే దూరంలో లేదు. కొందరికి కారెక్కితే గంట ప్రయాణం. కొందరికి కులం, పేదరికం, ఆడపుట్టుక, మాట్లాడే భాష అన్నీ దాటుకుని వెళ్ళాల్సిన దూరం. అవన్నీ ఒకే మనిషిలో కలిసినప్పుడు ఏమవుతుందన్నదే ఈ రోజు నా ప్రసంగం.

ఒక స్త్రీని ఊహించుకోండి. మనిషిని ఊహించుకోమంటున్నాను గాని, ఆమెకు జరిగినవేవీ ఊహలు కావు. ఏదో ఒక ఊళ్ళో, ఏదో ఒక ఇంట్లో జరుగుతున్నవే. ఆమెది నల్లగొండ జిల్లా. ముప్పై ఎనిమిదేళ్ళు ఉంటాయి. మాదిగ వాడలో ఇల్లు. సొంత భూమి లేదు. మొగుడూ పెళ్ళాం నాలుగెకరాలు కౌలుకు పట్టి పత్తి పెట్టేవారు. కౌలు నోటిమాట మీదే. కాగితం రాయమని అడిగితే వచ్చే ఏడు ఆ భూమి ఇంకొకరి చేతికి పోతుంది. పట్టాదారు పట్నంలో ఉంటాడు. వరసగా రెండేళ్ళు పంట పోయింది, వడ్డీ పెరిగింది. ఒకరోజు ఆమె భర్త ప్రాణం తీసుకున్నాడు.

తెలంగాణలో 2018లో రైతుబంధు వచ్చింది. ఎకరాకు ఇంత అని పెట్టుబడి సాయం. అదే ఏడాది రైతుబీమా వచ్చింది. రైతు ఏ కారణంతో చనిపోయినా కుటుంబానికి 5 లక్షలు. రెండూ మంచి పథకాలే. అయితే రెండూ పట్టాదారు పాసుపుస్తకం ఉన్నవారికే. దుక్కి దున్నింది ఈమె భర్త, పెట్టుబడి సాయం పడింది పట్టాదారు ఖాతాలో. ఆత్మహత్య చేసుకున్న రైతు కుటుంబానికి 6 లక్షలు ఇస్తామని 2015లో ఇచ్చిన ఉత్తర్వు వేరే ఉంది. దానికి ఆర్డీవో, డీఎస్పీ, వ్యవసాయ శాఖ అధికారి విచారణ చేసి, ఇది రైతు ఆత్మహత్యేనని తేల్చాలి. వాళ్ళు అడిగే మొదటి కాగితాల్లో పాసుపుస్తకం ఒకటి. రెండోది అప్పుకు రుజువు. వడ్డీ వ్యాపారి దగ్గర తెచ్చిన అప్పుకు రుజువు ఆ వ్యాపారి ప్రతి ఉదయం ఇంటి ముందుకొచ్చి నిలబడటమే.

ఇక ఆమె సంగతి. రాత్రిళ్ళు నిద్ర లేదు. అన్నం ముందు కూర్చుంటే ముద్ద దిగదు. కలుపు తీస్తూ తీస్తూ ఉన్నచోటే ఆగిపోతుంది. కానీ ఎవరడిగినా "మనసు బాలేదు" అని ఆమె చెప్పదు. "నెత్తి బరువు సార్, గుండెల మంట లేస్తది, పెయ్యంతా గుంజుతది" అంటుంది. ముందు ఊళ్ళో ఆర్‌ఎంపీ దగ్గరికి పోయింది. ఆయన ఒక గ్లూకోజు సీసా ఎక్కించి, బి కాంప్లెక్సు సూది వేసి, నరాల బలహీనత అన్నాడు. ఆయన్ని తప్పు పట్టను. రాత్రి పదింటికైనా తలుపు తీసేది ఆయనొక్కడే. కూలి డబ్బులు వచ్చాక ఇవ్వమనేదీ ఆయనొక్కడే. ఆ తర్వాత ఎవరో చెబితే జిల్లా ఆసుపత్రికి బయలుదేరింది. 2023 డిసెంబరు నుంచి తెలంగాణలో ఆడవాళ్ళకు ఆర్టీసీ బస్సు ఉచితం కాబట్టి చార్జీ బాధ లేదు. కానీ ఆ రోజు కూలి పోయింది. ఓపీ చిట్టీ లైను, తర్వాత డాక్టరు గది ముందు లైను. లోపలికి పోగానే మొదటి ప్రశ్న: "ఎవరొచ్చిండ్రమ్మా నీతోని?"

ఎవరూ రాలేదు. అత్తింటి వాళ్ళు కొడుకు చావుకు ఆమె అడుగే కారణమంటున్నారు. అన్నదమ్ములు భీవండిలో పనికి పోయారు. డాక్టరు అడిగింది కేవలం నియమం కోసం కాదు. మందులు ఎవరు చూసుకుంటారు, ఇంట్లో కాపలా ఎవరుంటారు అన్న బాధ్యతతోనే అడిగాడు. అయినా ఆ ప్రశ్న దగ్గరే ఆమె గొంతు పూడుకుపోయింది. బయట నలభై మంది ఉన్నారు. డిప్రెషన్ అని రాసి, నెలకు సరిపడా మాత్రలు ఇచ్చారు. మాత్రతో నిద్ర పట్టింది. పట్టిన నిద్ర తెల్లారి అయిదింటికి వదల్లేదు. పత్తి ఏరే ఆటో వెళ్ళిపోయింది. వారం అలా జరిగాక ఆమె మాత్రలు మానేసింది. ఆసుపత్రి రికార్డులో ఇలాంటి వాళ్ళ గురించి ఒక మాట రాస్తారు: రోగి మళ్ళీ రాలేదు.

ఇందులో ఎవరిది తప్పు? డాక్టరు రాసిన జబ్బు పేరు సరైనదే. ఇచ్చిన మందూ సరైనదే. ఆర్డీవో రూల్సు ప్రకారమే నడిచాడు. ఆసరా కింద వితంతు పింఛను ఇస్తున్నారు, అదీ సరైనదే. ఎవరి గడి వారు సరిగ్గానే నింపారు. ఆమె మాత్రం ఏ గడిలోనూ పూర్తిగా లేదు. వ్యవసాయ శాఖ దగ్గర ఆమె రైతు కాదు, కూలీ. వాడలో ఆమె పుణ్యస్త్రీ కాదు. ఊళ్ళో ఆమె వాడ మనిషి. బ్యాంకులో ఆమె చేతిలో కాగితం లేదు. ఆసుపత్రిలో ఆమెకు తోడు లేదు. ఒక్కొక్క దాన్నీ విడిగా తీసి చూస్తే ఏదో విధంగా నెట్టుకు రావచ్చుననిపిస్తుంది. పక్క వాడలో భర్త పోయిన ఇంకో స్త్రీకి రెండెకరాల పట్టా ఉంది. ఆమెకు బీమా వచ్చింది, దాంతో అత్తగారి నోరు కూడా కొంత మూతబడింది. అదే వాడలో భూమి లేని మగవాడు వలస పోయి బతుకు వెతుక్కోగలడు. ఈమెకు ఇద్దరు ఆడపిల్లలు, ఎక్కడికి పోతుంది?

ఈ చిక్కు గురించి అమెరికాలో ఒక పాత కోర్టు తీర్పు ఉంది. జనరల్ మోటార్స్ కార్ల కంపెనీలో 1970ల్లో ఉద్యోగాలు తగ్గించారు. చివర చేరినవాళ్ళని ముందు తీసేస్తామన్నారు. 1964కు ముందు ఆ కంపెనీ నల్లజాతి స్త్రీలను పనిలోకే తీసుకోలేదు కాబట్టి చివర చేరినవాళ్ళు వాళ్ళే. ఐదుగురు నల్లజాతి స్త్రీలు కోర్టుకు వెళ్ళారు. 1976లో కోర్టు ఏమందంటే, కంపెనీలో స్త్రీలు ఉన్నారు, కాబట్టి స్త్రీల మీద వివక్ష లేదు. జాతి వివక్ష అయితే ఆ పేరుతో విడిగా దావా వేసుకోండి, రెండూ కలిపి కొత్త కేసు చేస్తామంటే కుదరదు అంది. ఆఫీసుల్లో ఉన్న స్త్రీలు తెల్లవాళ్ళు. ఫ్యాక్టరీలో ఉన్న నల్లవాళ్ళు మగవాళ్ళు. నల్లజాతి స్త్రీ ఎక్కడుందో కోర్టుకు కనపడలేదు. కింబర్లీ క్రెన్‌షా అనే న్యాయశాస్త్ర ఆచార్యురాలు 1989లో ఈ తీర్పును ముందు పెట్టుకునే తన ప్రసిద్ధ వ్యాసం రాశారు. అప్పటి నుంచి ప్రపంచమంతా వివక్షలు ఒకదానితో ఒకటి కలిసే ఆ కోణం నుంచి చూడటం నేర్చుకుంటోంది.

మన దగ్గర ఆ వ్యాసం చదివి ఎవరూ ఈ సంగతి తెలుసుకోలేదు. తొంభైల్లో తెలుగులో స్త్రీవాదమూ దళితవాదమూ హోరెత్తుతున్న రోజుల్లోనే దళిత స్త్రీలు రెండు వైపులకూ తిరిగి అడిగారు. వంటింటి చాకిరీ గురించి రాస్తున్నారే, ఇంకొకరి వంటింట్లో అంట్లు తోమే మా సంగతేమిటని స్త్రీవాదులను అడిగారు. కులం కొట్టిన దెబ్బ చెబుతున్నారే, ఇంట్లో పడే దెబ్బ ఎందుకు చెప్పరని తమ మగవాళ్ళను అడిగారు. గోగు శ్యామల సంపాదకత్వంలో 2003లో వచ్చిన "నల్లపొద్దు" దళిత స్త్రీల రచనలను ఒకచోట చేర్చింది. చల్లపల్లి స్వరూపరాణి, జూపాక సుభద్ర, జాజుల గౌరి, ముస్లిం స్త్రీల బతుకు రాసిన షాజహానా, వీళ్ళను చదివిన వాళ్ళకు నేను ఈ రోజు చెబుతున్నది కొత్త కాదు. మన వైద్య కళాశాలల్లో సైకియాట్రీ చదివే పిల్లలకు ఈ పుస్తకాలు ఇవ్వాలని నాకు చాలాకాలంగా ఒక కోరిక. పరీక్షలో రావు కాబట్టి చదవరని ఒక మిత్రుడు నవ్వాడు. నిజమే కావచ్చు.

లెక్కల్లోకి వద్దాం. జాతీయ నేర గణాంకాల సంస్థ ప్రకారం 2021లో మన దేశంలో 1,64,033 మంది ఆత్మహత్య చేసుకున్నారు. అందులో దినకూలీలు 42,004 మంది, అంటే నలుగురిలో ఒకరు. గృహిణులు 23,179 మంది. సొంతంగానో కౌలుకో సాగు చేసే రైతులు 5,318 మంది. ఆ రైతుల్లో స్త్రీలు ఎంతమంది అనుకుంటున్నారు? 211. దేశం మొత్తం మీద 211 మంది. నాటు వేసేది, కలుపు తీసేది, పత్తి ఏరేది ఎవరో గట్టు మీద కాసేపు నిలబడితే ఎవరికైనా కనపడుతుంది. పోలీసు కాగితంలో మాత్రం పేరు మీద భూమి లేని స్త్రీ గృహిణి అయిపోతుంది. పాత్రికేయుడు పాలగుమ్మి సాయినాథ్ ఈ సంగతి ఏళ్ళ తరబడి రాస్తూనే ఉన్నారు. రైతుగా లెక్కకు రాని మనిషి రైతు సంక్షోభం గురించి వేసే కమిటీలకూ కనపడదు. గృహిణుల చావుల్ని కుటుంబ కలహాలు అనే మాటతో సర్దేస్తాం. ఆ కలహంలో కౌలు అప్పు ఎంత, మొగుడి తాగుడు ఎంత, ఆమెకు అసలే ఉన్న జబ్బు ఎంత అని విడదీసి చూసే గడి ఆ పట్టికలో లేదు.

బెంగళూరులోని మానసిక వైద్య సంస్థ నిమ్‌హాన్స్ 2015–16లో పన్నెండు రాష్ట్రాల్లో జాతీయ మానసిక ఆరోగ్య సర్వే చేసింది. పెద్దవాళ్ళలో వందకు దాదాపు పది మందికి ఆ సమయంలో ఏదో ఒక మానసిక రుగ్మత ఉందని, జబ్బును బట్టి వందలో 70 నుంచి 92 మందికి చికిత్స అందడం లేదని తేల్చింది. ఆ పన్నెండు రాష్ట్రాల్లో మన రెండు రాష్ట్రాలూ లేవు. అయినా మన దగ్గర వేరుగా ఉంటుందని అనుకోవడానికి నాకు ఏ కారణమూ కనపడదు.

ఇక్కడ ఒక మాట గట్టిగా చెప్పాలి. ఈ విషయంలో రెండు పొరపాట్లు జరుగుతుంటాయి. మొదటిది అందరికీ తెలిసిందే: అప్పునీ అవమానాన్నీ అన్నింటినీ జబ్బుగా మార్చి, చేతిలో మాత్ర పెట్టి పంపేయడం. రెండోది మా వంటి వాళ్ళు, సమాజం గురించి మాట్లాడేవాళ్ళు చేసేది. "ఆమెకు జబ్బేమీ లేదు, ఆమె బాధ అంతా వ్యవస్థే, భూమి పంచితే పోతుంది" అనడం. వినడానికి బాగుంటుంది. కానీ ఆలోచించండి, డబ్బున్న మనిషికి డిప్రెషన్ వస్తే మందు అవసరమని ఒప్పుకుంటాం, పేద మనిషికి వస్తే ఉపన్యాసం చాలంటాం. ఇదీ ఒక రకం వివక్షే. దుఃఖానికి కారణం బయట ఉన్నంత మాత్రాన అది లోపల మెదడునీ నిద్రనీ ఆకలినీ పాడు చెయ్యకుండా ఉండదు. ఆమెకు మాత్ర కావాలి, పట్టా కావాలి, తోడు కావాలి. తెల్లవారుజామున లేచి పనికి పోయే మనిషి కాబట్టి మాత్ర ఏ వేళకు వేసుకోవాలో, మత్తు తక్కువ ఉన్న మందు ఏదో ఆలోచించే డాక్టరూ కావాలి. ఈ చివరిది చిన్న విషయం. కానీ ఆమె చికిత్స అంతా అక్కడే తెగిపోయింది. "నువ్వు పొద్దున ఎన్నింటికి లేస్తావమ్మా?" అన్న ఒక్క ప్రశ్న అడిగి ఉంటే మళ్ళీ వచ్చేదేమో.

అన్నీ కలిసి ఎప్పుడూ మనిషిని కిందికే తోస్తాయనుకోవద్దు. పరిస్థితి చాలా మెలికలు తిరుగుతుంది. విజయవాడలో పెద్ద కులం, పెద్ద మేడ, ఆ ఇంటి కోడలికి కాన్పు తర్వాత డిప్రెషన్ వచ్చిందనుకోండి. డబ్బుకు కొదవ లేదు. కానీ ఆడబిడ్డకు సంబంధాలు చూస్తున్నారు, సంగతి బయటపడకూడదు. అందుకని ఎవరికీ తెలియని ఊరు తీసుకెళ్ళి చూపిస్తారు. డాక్టరు ముందు అత్తగారే మాట్లాడుతుంది, కోడలు పక్కన కూర్చుంటుంది. వైద్యం దొరికింది, నోరు దొరకలేదు. మగవాడి సంగతి ఇంకోలా ఉంటుంది. "మగాడివి, ఏడుస్తావేంట్రా" అని చిన్నప్పుడే గొంతు నొక్కేశాం కాబట్టి బాధను సీసాలో పోసుకుని తాగుతాడు. ఊరంతా తాగుబోతు అంటుంది, లోపల ఉన్న జబ్బు ఎవరూ అడగరు. అతను దళితుడైతే ఆ తాగుడు కూడా కులం ఖాతాలో రాస్తారు. అదే పెద్దింటి వాడు తాగితే పార్టీ అంటారు.

ఆదివాసుల సంగతికి వస్తే, తెలుగు వాళ్ళమైన మనం కూడా కాస్త తల దించుకోవాలి. ఉట్నూరు వైపు గోండీ, కొలామీ, పాడేరు వైపు కువి, శ్రీకాకుళం మన్యంలో సవర మాట్లాడే మనిషి ఆసుపత్రికి వస్తే తెలుగులో అడుగుతాం. వాళ్ళు తెలుగులోనే జవాబిస్తారు, నిజమే. సంతలో బేరం చెయ్యడానికి వచ్చిన తెలుగు అది. గుండెలో దిగులు చెప్పుకోవడానికి చాలదు. ఇంగ్లీషు డాక్టరు ముందు మనం ఎలా నీళ్ళు నములుతామో, మన ముందు వాళ్ళూ అలాగే.

ట్రాన్స్‌జెండర్ వ్యక్తుల విషయంలో ఈ గడుల బాధ మరీ స్పష్టంగా కనపడుతుంది. 2014లో సుప్రీంకోర్టు నల్సా తీర్పులో వాళ్ళని సామాజికంగా, విద్యాపరంగా వెనకబడిన తరగతిగా చూసి రిజర్వేషన్లు ఇవ్వమంది. గొప్ప తీర్పు. కానీ దళిత ట్రాన్స్ వ్యక్తులు వెంటనే అడిగారు: మేం ఎస్సీలం కూడా కదా, ట్రాన్స్ అని రాయించుకుంటే ఎస్సీ వదులుకోవాలా? తమిళనాడుకు చెందిన గ్రేస్ బాను వంటి వాళ్ళు ప్రతి తరగతి లోపలా ట్రాన్స్ వ్యక్తులకు వాటా ఉండాలని పోరాడుతున్నది ఇందుకే. ఆసుపత్రిలోనూ ఇదే చిక్కు. జ్వరమని వెళ్ళినా, నిద్ర లేదని వెళ్ళినా ప్రశ్నలన్నీ ఆపరేషన్ గురించే. హైదరాబాదులో 2021లో మిత్ర్ క్లినిక్ మొదలైనప్పుడు అక్కడ పనిచేసేవాళ్ళలో ట్రాన్స్ వ్యక్తులే ఎక్కువ ఉండటంతో జనం ధైర్యంగా వెళ్ళారు. అది అమెరికా ప్రభుత్వ నిధులతో నడిచేది. 2025 మొదట్లో ఆ నిధులు ఆగిపోగానే తలుపులు మూతపడ్డాయి. ఉస్మానియా ఆసుపత్రిలో 2022లో ఇద్దరు ట్రాన్స్ డాక్టర్లు ప్రభుత్వ వైద్యులుగా చేరారు. నాకు ఇది ఎక్కువ ఆశ కలిగించే సంగతి. ప్రభుత్వ ఆసుపత్రిలో ఉద్యోగం కదా.

చదువుకున్న పిల్లల గురించి చెప్పకపోతే ఈ ప్రసంగం సగమే అవుతుంది. 2016 జనవరి 17న హైదరాబాదు కేంద్రీయ విశ్వవిద్యాలయంలో పరిశోధక విద్యార్థి రోహిత్ వేముల ఆత్మహత్య చేసుకున్నారు. అంతకు ముందు నెలల తరబడి ఫెలోషిప్పు డబ్బు అందలేదు, హాస్టల్ నుంచి వెలి వేశారు. ఆయన పోయాక దేశం ఏం చర్చించింది? ఆయన ఎస్సీనా, కాదా అని. తల్లి ఎస్సీ, తండ్రి వడ్డెర. తల్లిదండ్రులు విడిపోయాక పిల్లల్ని పెంచింది తల్లే. 2024 మేలో పోలీసులు కోర్టుకిచ్చిన ముగింపు నివేదికలో ఆయన ఎస్సీ కాదన్నారు. విమర్శలు రావడంతో మళ్ళీ దర్యాప్తు చేస్తామని ప్రకటించారు. ఒంటరిగా పిల్లల్ని పెంచిన తల్లి కులం కాగితం మీద లెక్కకొస్తుందా రాదా అన్న ప్రశ్నలో ఆడతనం, కులం, పేదరికం మూడూ ముడిపడి ఉన్నాయి. పిల్లవాడు బతికుండగా ఏ కౌన్సెలరూ ఆ ముడిని చూసి ఉండడు. క్యాంపస్ కౌన్సెలింగ్ గదుల్లో "స్ట్రెస్ మేనేజ్‌మెంట్" అని పోస్టరు ఉంటుంది. లోతుగా ఊపిరి పీల్చమంటారు. మెస్సులో పక్కన ఎవరూ కూర్చోని పిల్లవాడికి ఆ సలహా ఏ మూలకు?

మరి జనం ఎక్కడికి పోతున్నారు? నెల్లూరు జిల్లా ఏఎస్ పేట దర్గా చూడండి. మనసు బాగోలేని వాళ్ళను హిందువులూ ముస్లింలూ అక్కడికి తీసుకొస్తారు. మూఢనమ్మకం అని కొట్టిపారేయడం తేలిక. కానీ దర్గాలో ఎవరూ ఆధార్ అడగరు, కులం అడగరు, తోడెవరని అడగరు. నెలల తరబడి ఉండనిస్తారు. పక్కన అదే బాధలో ఉన్న ఇంకో కుటుంబం ఉంటుంది. అలాగని ఇలాంటి చోట్ల రోగులకు వేసే సంకెళ్ళను నేను సమర్థించను. తమిళనాడు ఎరవాడిలో 2001 ఆగస్టులో షెడ్డుకు మంటలంటుకుని, గొలుసులతో కట్టేసిన 28 మంది కదల్లేక కాలిపోయారు. గొలుసు వేయడాన్ని ఇప్పుడు చట్టం నిషేధించింది. మన ఆసుపత్రులు దర్గా నుంచి నేర్చుకోవాల్సింది మాత్రం ఉంది. వచ్చిన మనిషిని కూర్చోబెట్టడం అది.

చట్టం ప్రస్తావన వచ్చింది కాబట్టి మీకు పనికొచ్చే నాలుగు ముక్కలు. మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం 2017లో వచ్చి, 2018 నుంచి అమల్లో ఉంది. లింగం, లైంగిక ధోరణి, మతం, కులం, వర్గం, వైకల్యం, దేన్ని బట్టీ మానసిక వైద్యంలో వివక్ష చూపకూడదని అందులో రాశారు. దారిద్ర్యరేఖకు దిగువన ఉన్నవారికి ప్రభుత్వ ఆసుపత్రిలో ఈ వైద్యం ఉచితం. కార్డు చేతిలో లేకపోయినా ఉచితమే, ఈ మాట గుర్తు పెట్టుకోండి. ఇల్లు లేనివారికీ అంతే. మీ తరఫున మాట్లాడే ప్రతినిధిగా మీకు నమ్మకమున్న పెద్దవాళ్ళెవరినైనా మీరే రాసిపెట్టుకోవచ్చు. ఆ మనిషి భర్తో అన్నో కానక్కర్లేదు. స్నేహితురాలు కావచ్చు, మహిళా సంఘం సభ్యురాలు కావచ్చు. ఇందాక చెప్పుకున్న నల్లగొండ స్త్రీకి ఈ ముక్క ఎవరైనా చెప్పి ఉంటే, పొదుపు సంఘంలో ఆమెకు దగ్గరైన ఒక అక్క పేరు రాసుకునేది. ఆత్మహత్యకు ప్రయత్నించిన మనిషిని తీవ్రమైన ఒత్తిడిలో ఉన్నట్టుగా భావించి వైద్యం చెయ్యాలి గాని, శిక్షించడానికి చూడకూడదని కూడా అదే చట్టం చెబుతోంది.

చట్టం కాగితం మీదే ఉంది కదా అంటారు. మొత్తం అలాగే లేదు. మన పక్కనే, తెలుగు బాగా వినపడే బళ్ళారి జిల్లాలో 1980ల్లో నిమ్‌హాన్స్ ఒక ప్రయోగం చేసింది. పీహెచ్‌సీ డాక్టర్లకూ సిబ్బందికీ నేర్పితే మామూలు మానసిక జబ్బులు అక్కడే చూడొచ్చని తేలింది. 1996లో మొదలైన జిల్లా మానసిక ఆరోగ్య కార్యక్రమానికి మాతృక అదే. పశ్చిమ గోదావరి జిల్లా పల్లెల్లో జార్జ్ ఇన్‌స్టిట్యూట్ అనే పరిశోధన సంస్థ వాళ్ళు ఆశా కార్యకర్తల చేతికి ట్యాబ్‌లు ఇచ్చి, ఇంటింటికీ వెళ్ళి దిగులు, ఆందోళన గురించి ప్రశ్నలు అడిగించారు. అవసరమైన వాళ్ళను పీహెచ్‌సీ డాక్టరు దగ్గరికి పంపారు. మనసు జబ్బు గురించి ఉన్న వెరపు పోవడానికి ఊళ్ళో నాటకం కూడా వేయించారు. వైద్యం కోసం ముందుకొచ్చిన వాళ్ళు మునుపటి కంటే పెరిగారు.

నాకు ఈ పద్ధతి ఇష్టం. ఒక అనుమానం మాత్రం ఉంది. ఆశా అదే ఊరి మనిషి. ఆమె పెద్ద రైతు ఇంటి మనిషైతే, ఆ రైతు వల్ల పడ్డ బాధను వాడ స్త్రీ ఆమెకు చెబుతుందా? ఆశానే వాడ నుంచి వచ్చిన మనిషైతే, ఊళ్ళో కొన్ని ఇళ్ళలో ఆమెను గడప బయటే నిలబెట్టి జవాబు చెబుతారు. పైగా ఆశా కూడా తక్కువ పారితోషికంతో, జీతం కోసం ధర్నాలు చేసుకుంటూ బతికే స్త్రీనే. ఊరందరినీ "రాత్రి నిద్ర పడుతుందా" అని అడిగే ఆమెను ఆ ప్రశ్న ఎవరడగాలి? పథకం రాసేవాళ్ళు ఈ సంగతి ముందే ఆలోచించి, ప్రతి ఊళ్ళో కనీసం ఇద్దరు, వేర్వేరు వాడల వాళ్ళు ఉండేలా చూడాలి. ఖర్చు పెరుగుతుంది. పెరగనివ్వండి.

ఇప్పటికిప్పుడు ఈ ప్రసంగం వింటున్న మీలో ఎవరికైనా, మీ ఇంట్లో ఎవరికైనా మనసు బరువెక్కి ఉంటే ప్రభుత్వ మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ టెలిమానస్ నంబరు 14416. మళ్ళీ చెబుతున్నాను, ఒకటి నాలుగు నాలుగు ఒకటి ఆరు. రాత్రయినా పగలైనా పలుకుతారు, తెలుగులో మాట్లాడొచ్చు, డబ్బులు పడవు. ఇంట్లో ఫోను కొడుకు దగ్గరే ఉంటుంది అంటే, పక్కింటి ఫోను నుంచైనా చెయ్యండి, పేరు చెప్పకపోయినా ఫరవాలేదు.

ఫోన్ ఎత్తినవాళ్ళకు నిద్ర పట్టడం లేదని మాత్రమే చెప్పి ఆగిపోకండి. అప్పు ఉంటే అప్పు చెప్పండి. ఇంట్లో కొడుతుంటే అదీ చెప్పండి. కులం పేరుతో ఎవరైనా అవమానిస్తే అదీ చెప్పండి. "అది మా పని కాదు" అంటే, ఎవరి పనో ఆ నంబరు ఇవ్వమని అడగండి. ఇంటి హింసకు మహిళా హెల్ప్‌లైన్ 181 ఉంది. కౌలు తగాదాకో, ఆగిపోయిన పింఛనుకో లాయరు కావాలంటే ఉచిత న్యాయసేవకు 15100 ఉంది. మూడు నంబర్లూ ఒకే కాగితం మీద రాసి పెట్టుకోండి. మీ ఏరియా ఆసుపత్రికి మానసిక వైద్యులు వారంలో ఏ రోజు వస్తారో ఈ వారం కనుక్కుని, ఆ రోజును పంచాయతీ గోడ మీద పెద్ద అక్షరాలతో రాయించమని మీ సర్పంచిని అడగండి. ఆ రోజు సంత రోజైతే, రోజు మార్చమని కూడా అడగండి.